అమెరికన్ రైటర్ కెరీర్‌ని సరిగ్గా స్టడీ చేయడం ఎలా? (టైటిల్ కార్డులు స్కిప్ చేసేవాళ్ల కోసమే)

మొన్న ఒక వీడియోలో ఒకాయన అమెరికన్ రైటర్ లారీ గెల్‌బార్ట్ గురించి చెప్తూ "మ్యాష్ సినిమా, మ్యాష్ సీరియల్ రెండూ ఈయన సృష్టే, పదకొండు సీజన్లూ ఒంటి చేత్తో రాశాడు, టూట్సీ కూడా ఈయనే రాశాడు" అని ఒక్క ఊపులో చెప్పేశాడు. (మ్యాష్ అంటే కొరియా యుద్ధంలో ఆర్మీ ఆస్పత్రి డాక్టర్ల కథ, టూట్సీ ఒక కామెడీ సినిమా.) ఒక వాక్యంలో మూడు తప్పులు, ఏంటో స్టెప్ 4లో తెలుస్తుంది. ఇలాంటివి చూసి చూసి విసుగొచ్చి ఇది రాస్తున్నా. రైటర్ల కెరీర్లు తవ్వడం నాకు పన్నెండేళ్ల అలవాటు, కాబట్టి ఎలా చేయాలో చెప్తా, ఎగ్జాంపుల్‌గా ఆ గెల్‌బార్ట్‌నే తీసుకుందాం. రేడియో, టీవీ, బ్రాడ్‌వే (న్యూయార్క్ పెద్ద నాటకాలు), సినిమా, కేబుల్ అన్నీ చేసినోడు, ప్రాక్టీస్‌కి ఇంతకన్నా మంచి కేసు దొరకదు.

స్టెప్ 1: సామాన్లు

ఒక నోట్‌బుక్, రెండు రంగుల పెన్నులు, పాజ్ బటన్ పనిచేసే రిమోట్. అంతే. ఎక్సెల్ షీట్ వద్దు, ఎక్సెల్‌లో చేస్తే కాపీ పేస్ట్ చేస్తారు తప్ప బుర్రకి ఎక్కదు.

స్టెప్ 2: సంవత్సరాల లైను గీయండి

ఎడమ పక్క సంవత్సరం, మధ్యలో పని పేరు, కుడి పక్క ఏ మీడియమో. గెల్‌బార్ట్‌కైతే ఇలా వస్తుంది: 1928లో చికాగోలో పుట్టాడు, తర్వాత ఫ్యామిలీ లాస్ ఏంజిల్స్ వచ్చేసింది, నాన్న బార్బర్, ఆయన దగ్గరికి కటింగ్‌కి వచ్చే కమెడియన్ డానీ థామస్‌తో "మా అబ్బాయి జోకులు బాగా రాస్తాడు" అని చెప్తే అలా పదహారేళ్లకే రేడియోలో పని దొరికింది. తర్వాత ఇంకో కమెడియన్ బాబ్ హోప్‌కి రాశాడు, 50ల్లో టీవీలో కమెడియన్ సిడ్ సీజర్ రైటర్ల టీమ్‌లో చేరాడు. 1962లో బర్ట్ షెవలవ్‌తో కలిసి ఒక బ్రాడ్‌వే మ్యూజికల్ రాశాడు, దానికి పాటలు స్టీఫెన్ సాండ్‌హైమ్. తర్వాత కొన్నేళ్లు ఇంగ్లండ్‌లో ఉన్నాడు. 1972లో సీబీఎస్ చానల్‌లో మ్యాష్ సీరియల్, 1977లో ఓ గాడ్ సినిమా, 1982లో టూట్సీ, 1989లో మళ్లీ బ్రాడ్‌వే, 1993లో కేబుల్ చానల్ హెచ్‌బీఓకి బార్బేరియన్స్ ఎట్ ద గేట్ అనే టీవీ సినిమా, 2003లో మళ్లీ హెచ్‌బీఓ. 2009లో చనిపోయాడు.

అవార్డులు ఇప్పుడే రాయొద్దు. లైను మొత్తం పూర్తయ్యాకే రెండో రంగు పెన్నుతో పెట్టాలి. ముందే పెడితే అవార్డు వచ్చినవే చూస్తారు, ఫ్లాపుల జోలికే పోరు, ఫ్లాపుల్లోనే రైటర్ ఎక్కువ తెలుస్తాడు.

స్టెప్ 3: చూడటం

ముందు టీవీ, తర్వాత సినిమా. దీంట్లో బేరాల్లేవు. టీవీలో వారం వారం రాయాలి కాబట్టి ఆ మనిషి రాత తీరు అక్కడే దొరుకుతుంది. ఇంకో మాట, మ్యాష్‌ని వెనకాల నవ్వుల ట్రాక్ లేకుండా దొరికితే అలాగే చూడండి. గెల్‌బార్ట్‌కి ఆ నవ్వులు అస్సలు ఇష్టం లేదు, చానల్ వాళ్లు ఒప్పుకోలేదు, చివరికి ఆపరేషన్ థియేటర్ సీన్లలో మాత్రం పెట్టకూడదని రాజీ కుదిరింది. బీబీసీ వాళ్లు మాత్రం నవ్వులు తీసేసే వేశారు. అదే జోకు నవ్వులతో వింటే కామెడీ, లేకుండా వింటే గుండె పట్టేస్తుంది.

స్టెప్ 4: క్రెడిట్లు చదవడం (ఇక్కడే అందరూ బోల్తా పడేది)

ఇక్కడ తొందరపడితే ముందు చేసిందంతా వేస్ట్. మన తెలుగు సినిమాల్లో కథ ఒకరు, మాటలు ఒకరు, స్క్రీన్‌ప్లే దర్శకత్వం ఇంకొకరు అని కార్డులు పడతాయి కదా, ఆ అలవాటుతో అక్కడి కార్డులు చదివితే గోవిందా. అక్కడ "మాటలు" అనే కార్డే ఉండదు, డైలాగులు స్క్రీన్‌ప్లేలోనే కలిసిపోయి ఉంటాయి. "స్టోరీ బై" అంటే కథ మాత్రమే, "స్క్రీన్‌ప్లే బై" అంటే మాటలతో సహా స్క్రిప్ట్, "రిటెన్ బై" అంటే ఆ రెండూ. టీవీలో స్క్రీన్‌ప్లే బదులు "టెలీప్లే" అంటారు.

ఇప్పుడు అసలు మెలిక. రెండు పేర్ల మధ్య "అండ్" అని అక్షరాల్లో రాసి ఉందా, లేక షాపు బోర్డుల మీద "అండ్ సన్స్"కి వేసే మెలిక గుర్తు, అదే ఆంపర్‌సాండ్ (&), ఉందా చూడండి. పాజ్ చేసి చూడండి. ఆ గుర్తు ఉంటే ఇద్దరూ జంటగా ఒకే టీమ్‌గా రాశారని. అక్షరాల్లో "అండ్" ఉంటే వేర్వేరుగా రాశారని, చాలాసార్లు ఒకరు రాసి వెళ్లిపోయాక ఇంకొకరు వచ్చి తిరగరాశారని, ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకుని ఉండకపోవచ్చు కూడా. టూట్సీలో స్క్రీన్‌ప్లే గెల్‌బార్ట్ "అండ్" మర్రీ షిస్‌గల్, స్టోరీ డాన్ మెక్‌గ్వైర్ "అండ్" గెల్‌బార్ట్, రెండు చోట్లా అక్షరాల్లోనే. ఇద్దరూ కాఫీ తాగుతూ ఒకే టేబుల్ మీద రాశారని ఊహించుకుని రాసేయకండి. పైగా ఎలేన్ మే అనే ఇంకో రైటర్ కూడా ఆ స్క్రిప్ట్ మీద గట్టిగానే పనిచేసింది, కార్డులో ఆమె పేరు లేదు.

ఎందుకు లేదు అంటే, పేర్లు ఎవరికి పడాలో నిర్మాత ఇష్టం కాదు, గొడవొస్తే రైటర్ల సంఘం, అదే రైటర్స్ గిల్డ్, తేలుస్తుంది. ముగ్గురు రైటర్లు అన్ని డ్రాఫ్టులూ చదువుతారు, ఎవరు రాశారో పేర్లు వాళ్లకి చెప్పరు, రైటర్ ఏ, రైటర్ బీ అని ఇస్తారు. ఒరిజినల్ స్క్రిప్ట్ అయితే తర్వాత వచ్చినవాడు స్క్రీన్‌ప్లే క్రెడిట్ కావాలంటే సగానికి తగ్గకుండా మార్చి ఉండాలి. కాబట్టి కార్డు అంటే ఒక తీర్పు, జరిగిందంతా కాదు. దాన్ని పట్టించుకోకపోవడం ఎంత తప్పో, గుడ్డిగా నమ్మడమూ అంతే తప్పు.

టీవీలో ఇంకా జాగ్రత్త. మ్యాష్‌లో గెల్‌బార్ట్‌కి పడేది "డెవలప్డ్ ఫర్ టెలివిజన్ బై", "క్రియేటెడ్ బై" కాదు, ఎందుకంటే దాని వెనక 1968 నాటి నవల ఉంది, 1970 సినిమా ఉంది. ఆ సినిమా స్క్రీన్‌ప్లే రింగ్ లార్డ్నర్ జూనియర్‌ది, కమ్యూనిస్టు ముద్ర వేసి జైలుకి పంపి, బ్లాక్‌లిస్టులో పెట్టి ఏళ్ల తరబడి సొంత పేరుతో రాయనివ్వని మనిషి, చివరికి దానికే ఆస్కార్ కొట్టాడు. ఆయన క్రెడిట్‌ని మింగేసి గెల్‌బార్ట్‌కి ఇచ్చేస్తారా, పాపం కదా!

గెల్‌బార్ట్ ఉన్నది నాలుగు సీజన్లే, 1976లో వెళ్లిపోయాడు. 1983 ఫిబ్రవరి 28న వచ్చిన ఆఖరి ఎపిసోడ్ ఆయన ఖాతాలో వేయకండి. మ్యాష్‌లో కల్నల్ బ్లేక్ అనే పాత్ర చనిపోయే ఎపిసోడ్ ఉంది చూశారా, దాన్ని డైరెక్ట్ చేసింది గెల్‌బార్ట్, రాసింది జిమ్ ఫ్రిట్జెల్, ఎవరెట్ గ్రీన్‌బామ్. అదే ఆయన వెళ్లేముందు బ్లాక్ అండ్ వైట్‌లో తీసిన ఇంటర్వ్యూ ఎపిసోడ్ రాసిందీ తీసిందీ ఆయనే, కానీ అందులో నటులు పాత్రలో ఉండి సొంతంగా చెప్పిన జవాబులూ ఉన్నాయి. దీన్ని ఏ గడిలో వేస్తారు? నేనైతే నోట్‌బుక్‌లో ఇలాంటివాటికి పక్కన ఒక ప్రశ్న గుర్తు పెట్టి వదిలేస్తా. మొదట్లో నేనూ ఒక పత్రికకి రాసిన ఆర్టికల్‌లో బ్లేక్ ఎపిసోడ్ ఆయనే రాశాడని వేసేశా, అచ్చయ్యాక ఒక పెద్దాయన పోస్ట్‌కార్డు రాసి మరీ తిట్టాడు, అప్పట్నుంచీ పాజ్ బటన్ వదల్లేదు.

స్టెప్ 5: దారం పట్టుకోవడం

దారం అంటే ఒక రైటర్ పనులన్నిట్లో తిరిగి తిరిగి వచ్చే విషయం. క్రెడిట్లు శుభ్రంగా తేలితే ఇది ఈజీ. గెల్‌బార్ట్‌కైతే ఇదీ దారం: పిచ్చి పట్టిన వ్యవస్థలో ఇరుక్కుని జోకులేసుకుంటూ బతికే మనుషులు: మ్యాష్‌లో ఆర్మీ, టూట్సీలో టీవీ స్టూడియో, బార్బేరియన్స్‌లో కంపెనీని మింగే కార్పొరేట్ పెద్దలు. ఆయన సొంతంగా చేసినవాటిలోనే వెతకండి, సిడ్ సీజర్ టీమ్ జోకుల్లో వెతికితే అది అదే టీమ్‌లో రాసిన మెల్ బ్రూక్స్‌దో నీల్ సైమన్‌దో ఎవడికి తెలుసు.

స్టెప్ 6: రాయడం

రెండు పేజీలు దాటొద్దు, ప్రశ్న గుర్తులున్న చోట "కలిసి", "ఇతరులతో" అనే మాటలు వాడండి, అవార్డులు ఆఖర్న.

ఇది పూర్తయ్యాక స్టర్లింగ్ సిలిఫాంట్‌ని తీసుకోండి. ఇన్ ద హీట్ ఆఫ్ ద నైట్‌కి ఆస్కార్ కొట్టినోడు, ద టవరింగ్ ఇన్‌ఫెర్నో రాసినోడు, రూట్ 66 సీరియల్‌లో సగానికి పైగా ఎపిసోడ్లు ఆయనవే. దానికి మాత్రం రెండు వందల పేజీల నోట్‌బుక్ కొనుక్కోండి.