కట్ అన్నాక కెమెరా ఆపకండి: చిన్న దెయ్యం సినిమాకి మేకింగ్ డాక్యుమెంటరీ తీయడం ఎలా

పద్నాలుగేళ్లుగా కాకినాడలో పెళ్లి వీడియోలు తీస్తున్నాను. పోయినేడాది శ్రావణం పెళ్లిళ్ల హడావుడి తగ్గాక, నా స్నేహితుడొకడు సొంత డబ్బుతో దెయ్యం సినిమా మొదలుపెడుతూ "మేకింగ్ నువ్వే తియ్యి బావా, రోజుకి రెండు ముక్కలు చాలు" అన్నాడు. ఆ రెండు ముక్కలు కాస్తా గంటన్నర డాక్యుమెంటరీ అయ్యాయి. ఈ పనిలోకి దిగబోయే వాళ్లకి నేను దెబ్బ తిని నేర్చుకున్నది చెబుతాను.

ముందు 'అమెరికన్ మూవీ' చూడండి. 1999 నాటి డాక్యుమెంటరీ. అమెరికాలో మిల్వాకీ ఊరి దగ్గర మార్క్ బోర్చార్ట్ అనే ఆయన 'కోవెన్' అనే చిన్న హారర్ సినిమా పూర్తి చేయడానికి పడే పాట్లే కథ. ఆ మాటని ఇంగ్లిష్‌లో 'కవెన్' అనాలి. అలా పలికితే వంట 'అవెన్' (మనం ఓవెన్ అనేది) లాగా ఉంటుందని ఆయన ఒప్పుకోడు, కోవెన్ అనే అంటాడు. క్రిస్ స్మిత్ కెమెరా పట్టాడు, శారా ప్రైస్ సౌండ్ చూసుకుంది. ఇద్దరే మనుషులు, సుమారు రెండేళ్లు వెంట తిరిగారు. ఆ ఏడాది అమెరికాలో జరిగే సన్‌డాన్స్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో డాక్యుమెంటరీల పెద్ద బహుమతి దానికే వచ్చింది.

అందులో ఒక సీను ఉంది. ఓ నటుడి తల వంటింటి అల్మారా తలుపుని బద్దలు కొట్టుకుని లోపలికి పోవాలి. తలుపు పగలదు, తలకి మాత్రం గట్టిగా తగులుతుంది. మళ్లీ చేస్తారు. ఇంకోచోట, డబ్బు పెట్టిన ముసలాయన అంకుల్ బిల్ చేత ఒక్క డైలాగ్ చెప్పించడానికి ముప్పై దాకా టేకులు. 'కోవెన్'లో దెయ్యాలూ భూతాలూ ఏమున్నాయో నాకిప్పుడు సరిగ్గా గుర్తులేదు. ఆ అల్మారా తలుపు మాత్రం మర్చిపోలేదు.

ఇంత చూసి వెళ్లి కూడా మూడో రోజే తప్పు చేశాను. పిఠాపురం దగ్గర ఒక పాత మండువా ఇల్లు. తలుపు తనంతట తానే మూసుకోవాలి. ఆర్ట్ కుర్రాడు గడియకి గేలం దారం కట్టి పక్క గదిలోంచి లాగుతున్నాడు. అంతకుముందు రెండు రోజులు వాన, చెక్క ఉబ్బిపోయి తలుపు సగంలోనే నేలకి పట్టేస్తోంది. తొమ్మిది టేకులు అయ్యాయి. పదో టేకులో దారం తెగి, గోడ అవతల కుర్రాడు దబ్బుమని వెల్లకిలా పడ్డాడు. డైరెక్టర్ కట్ అన్నాడు. బ్యాటరీ అయిపోతుందేమోనన్న టెన్షన్‌లో నేనూ ఆపేశాను. అప్పుడు వచ్చింది ఇంటి మామ్మగారు, చేతిలో గరిటెతో. "అడుగున కొవ్వొత్తి రుద్దండి నాయనా, ఏటా వానాకాలం మేం చేసేదదే" అని చెప్పి వంటింట్లోకి వెళ్లిపోయింది. రుద్దారు. పదకొండో టేకులో తలుపు వెన్నలా మూసుకుంది.

నా దగ్గర పది టేకులూ ఉన్నాయి, మామ్మగారు లేదు. మర్నాడు బతిమాలితే పట్టుచీర కట్టుకుని వచ్చి, కెమెరా వంక చూస్తూ "అందరికీ నమస్కారం" అని మొదలుపెట్టింది. ఆ ముక్క వాడలేదు.

పెళ్లిలో జీలకర్ర బెల్లం ఎప్పుడో పంతులుగారు చెబుతారు, మనం రెడీగా ఉంటాం. ఇక్కడ చెప్పేవాళ్లు ఎవరూ ఉండరు. అందుకని కట్ విన్నాక కనీసం అయిదు నిమిషాలు కెమెరా ఆపకండి. బ్యాటరీలు నాలుగు పెట్టుకోండి. ఆ తర్వాత నుంచి నేను అలాగే చేశాను కాబట్టి దెయ్యం వేషంలో ఉన్న అమ్మాయి దొరికింది. గోళ్లు అతికించారు, చేత్తో ఏదీ పట్టుకోలేదు. కళ్లకి తెల్ల లెన్సులు, ముందున్నది కనిపించదు. మేకప్ ఆవిడ పెరుగన్నం ముద్దలు కలిపి పెడుతోంది, చెవి దగ్గర ఫోన్ కూడా ఆవిడే పట్టుకుంది. ఈ పిల్లేమో "తిన్నానమ్మా, చేత్తోనే తిన్నాను" అని వాళ్లమ్మకి అబద్ధం చెబుతోంది.

సౌండ్ గురించి గట్టిగా చెప్పాలి. బొమ్మ కాస్త చీకటిగా ఉన్నా జనం సర్దుకుంటారు, మాట వినపడకపోతే లేచి వెళ్లిపోతారు. ఒక్క కాలర్ మైకే ఉంటే హీరోకి కాదు, డైరెక్టర్‌కి పెట్టండి, ముందే అడిగి. నాయిస్ అంతా జనరేటర్‌దే. దాన్ని గోడ చాటుకి జరపమని మొదటి రోజే ప్రొడక్షన్ వాళ్ల కాళ్లు పట్టుకోండి, రెండో రోజు ఎవరూ వినరు. డైరెక్టర్ బాత్‌రూమ్‌కి వెళ్లేటప్పుడు మైక్ ఆపే బాధ్యత మాత్రం మీదే.

"మీ అనుభవం చెప్పండి" అని అడిగితే అందరూ ఒకటే పాట పాడతారు. చేతికి పని ఉన్నప్పుడు పలకరించండి, లెక్కలు అడగండి. ఇవాళ ఎంతయింది, బత్తా ఇచ్చారా, ఈ చొక్కా ఎన్నిసార్లు ఉతికారు. మా సినిమాలో రక్తం అంటే పంచదార పాకంలో ఎర్ర ఫుడ్ కలర్, చిటికెడు కాఫీ పొడి. రాత్రి చూడ్డానికి బ్రహ్మాండంగా ఉండేది, తెల్లారేసరికి చొక్కా నిండా చీమలు. కాస్ట్యూమ్స్ అబ్బాయి నూతి దగ్గర ఆ చొక్కా జాడిస్తూ, అడక్కుండానే తన మూడు సినిమాల బాకీల చిట్టా విప్పాడు.

దీనికే అనుమతి కావాలి. మొదటి రోజే అందరి చేతా కాగితం మీద సంతకం తీసుకోండి, ఇంటివాళ్లని మర్చిపోవద్దు. షూటింగ్ ముగిసి గుమ్మడికాయ కొట్టాక ఎవరి దారి వారిదే, ఫోన్లు ఎత్తరు. సంతకం ఉంది కదా అని అప్పుల మాటలు అలాగే పెట్టేయకండి, ఆ మనిషికి ముందు చూపించండి. కాస్ట్యూమ్స్ అబ్బాయి ఒక పేరు తీసేయమన్నాడు, తీసేశాను.

రాత్రి ఎంత ఆలస్యమైనా మెమరీ కార్డుల్లోది రెండు హార్డ్ డిస్కుల్లోకి ఎక్కించాకే పడుకోండి. ఒకటి మీ దగ్గర, ఇంకోటి వేరే ఇంట్లో. నిద్రకి ముందు నోటుబుక్కులో మూడే ముక్కలు రాయండి: ఏం ఆగింది, ఎవరు నవ్వారు, ఎవరు అలిగారు. ఎడిటింగ్‌లో నాకు దారి చూపించింది ఆ బుక్కే.

భయపెట్టే సీను వెనక గుట్టు సినిమా విడుదలయ్యే దాకా బయటపెట్టకండి. గేలం దారం చూసేసిన వాడు తలుపుకి భయపడడు.

గుమ్మడికాయతో మీ పని అయిపోయిందనుకోవద్దు. మావాడు వాళ్లమ్మ గొలుసు కుదవపెట్టి షూటింగ్ చేశాడు, అది ఇంకా బ్యాంకులోనే ఉంది. విడిపించే రోజు ఫోన్ చెయ్యమన్నాను. కెమెరా బ్యాగులో ఖాళీ కార్డు ఒకటి విడిగా పెట్టుంచాను.