దేశానికి పెట్టుబడులు రప్పించే ప్రచార చిత్రం ఎలా తీయాలి?

జలపాతాలూ జానపద నృత్యాలూ చూసి పర్యాటకులు వస్తారేమో గానీ, ఫ్యాక్టరీ పెట్టేవారు రారు. పెట్టిన సొమ్ము భద్రమేనా, లాభాన్ని స్వదేశానికి తీసుకెళ్లనిస్తారా, కరెంటు నిలకడగా ఉంటుందా అన్న సందేహాలు తీరాకే వారు ముందడుగు వేస్తారు.

కాబట్టి కెమెరా ముట్టుకోకముందే ఆ సందేహాలను కాగితంపై పెట్టండి. అధికారులను మాత్రమే కాక, అక్కడ ఇప్పటికే వ్యాపారం చేస్తున్న కంపెనీలవారినీ అడిగితే అసలు ప్రశ్నలు బయటపడతాయి. తర్వాత ఒకటి రెండు రంగాలను ఎంచుకోండి. చిన్న దేశమైన కోస్టారికా ఎలక్ట్రానిక్స్ మీద గురిపెట్టి, 1996లో ఇంటెల్ చిప్‌ల కర్మాగారాన్ని దక్కించుకుంది.

స్క్రిప్టులో ప్రతి మాటకూ ఒక ఆధారం ఉండాలి. "మా న్యాయవ్యవస్థ పటిష్ఠమైనది" అనడం కన్నా, ఆ దేశం 1958 నాటి న్యూయార్క్ ఒప్పందంలో చేరి ఉంటే, విదేశీ మధ్యవర్తిత్వ తీర్పులను (కోర్టుకు వెళ్లకుండా, ఇరుపక్షాలూ ఒప్పుకున్న మధ్యవర్తి ఇచ్చే తీర్పులను) అక్కడి కోర్టుల ద్వారా అమలు చేయించుకోవచ్చని చెప్పడం మేలు. అంకెలను మాత్రం వ్యాఖ్యానంలో చదివించకండి. ఏ సంవత్సరానివో, ఎవరు ప్రకటించారో తెలుపుతూ తెరపై విడి కార్డులుగా వేస్తే, మారినప్పుడు వాటినే మార్చుకోవచ్చు. గణాంకాల్లో అవకతవకలు బయటపడ్డాక వ్యాపారం చేయడం ఎంత సులువో చూసి దేశాలకు ర్యాంకులిచ్చే సులభతర వాణిజ్య నివేదికను ప్రపంచ బ్యాంకు 2021లో నిలిపివేసింది. ఆ ర్యాంకు చుట్టూ అల్లిన చిత్రమేదైనా దాంతోనే పాతబడిపోయింది.

చిత్రీకరణలో మంత్రిగారి సందేశానికి పది సెకన్లు చాలు (ఆయన కార్యాలయం ఒప్పుకుంటే!). మిగతా సమయాన్ని ఫ్యాక్టరీ మేనేజరుకు ఇవ్వండి. మొదటి ఏడాది ఏ ఇబ్బంది ఎదురైందో, అది ఎలా తీరిందో ఆయన నోటనే చెప్పించండి. కష్టమే ఎరుగని కథను అనుభవమున్న పెట్టుబడిదారుడు నమ్మడు. కంటెయినర్లు ఎత్తే క్రేన్లు, సబ్‌స్టేషను, శిక్షణ కేంద్రంలో యంత్రం ముందు నిలబడ్డ యువతి, ఇలా పని జరుగుతున్న దృశ్యాలే తీయండి. ఓడరేవులకూ డ్రోన్లకూ అనుమతులు ఆలస్యమవుతాయి గనుక ముందే దరఖాస్తు చేయండి. తెరపై కనిపించే కార్మికుల నుంచి రాతపూర్వక అంగీకారం తీసుకోండి.

ఎడిటింగులో మూడు నిమిషాల చిత్రంతోపాటు, ప్రదర్శనశాలల రొదలో శబ్దం లేకున్నా అర్థమయ్యేలా ఉపశీర్షికలతో ఒక నిమిషం కూర్పు చేయండి. లాభాలకు హామీ ఇచ్చినట్టు ధ్వనించే మాటలను న్యాయవాదికి చూపించి తొలగించండి. చివరి ఫ్రేములో నినాదానికి బదులు సంప్రదించవలసిన కార్యాలయం ఫోను నంబరు వేయండి. విడుదలకు ముందు ఆ నంబరుకు మీరే ఒకసారి ఫోను చేసి, ఎవరైనా ఎత్తుతున్నారో లేదో చూసుకోండి.