త్రాటకంలో మనసు నిలవడం లేదా? దీపాన్ని తప్పుపట్టే ముందు చూడవలసినవి

ఊహాలోకపు కథలలో యోధుడు మనసులో ఒక జ్వాలను నిలిపి, భయాన్నీ కోపాన్నీ దానికి ఆహుతి చేసి, క్షణంలో నిశ్చలుడవుతాడు. నిజంగా దీపం ముందు కూర్చున్నవారికి అంత సులువుగా ఏదీ జరగదు. కంట్లో నీరు కారుతుంది, మూసిన కళ్ళ ముందు జ్వాల నిలవదు, మూడు నాలుగు నిమిషాలు గడిచేసరికి లేచిపోవాలనిపిస్తుంది. త్రాటకం, అంటే రెప్ప వేయకుండా దీపజ్వాలను చూసి, ఆపై కళ్ళు మూసుకొనే సాధన, చేసే విధానం మీకు తెలుసునన్న నమ్మకంతో, అది ఎక్కడ చెడుతుందో మాత్రమే ఇక్కడ రాస్తున్నాను.

ముందుగా ఒక ప్రశ్న: ఫ్యాను ఆపారా? ఈ మాట అడిగితే చాలామంది చిన్నబుచ్చుకుంటారు. కానీ వత్తి మార్చి, నూనె మార్చి, చివరకు ఆసనం కూడా మార్చినవారి గదిలో ఫ్యాను తిరుగుతూ ఉండడం నేను ఎన్నిసార్లు చూశానో లెక్క లేదు. జ్వాల కదులుతుంటే చూపు దాని వెంట కదులుతుంది, చూపు కదులుతుంటే మనసు నిలవదు. గాలి ఆగిన తరువాత కూడా జ్వాల కొన కొద్దిగా ఊగుతుంది కనుక, చూపును కొన మీద కాక వత్తి చివర నిలపాలి.

మొదటి నిమిషంలోనే కళ్ళు మండుతుంటే దీపం ఎత్తు చూడండి. అది కంటికన్నా పైన ఉంటే చూపు పైకి లేస్తుంది, రెప్పల మధ్య ఎడం పెరుగుతుంది, కన్నీటి పొర త్వరగా ఆరిపోతుంది. రెప్ప వేయకపోవడం దానికి తోడవుతుంది. దీపాన్ని కంటికి సమంగానో, వేలెడు కిందగానో ఉంచితే ఈ మంట చాలావరకు తగ్గుతుంది. కాంటాక్ట్ లెన్సులు ఉంటే తీసివేయాలి.

కళ్ళు మూయగానే కనిపించే జ్వాల ప్రతిబింబం పక్కకు జారిపోతోందంటే, మీరు దానిని వెంబడిస్తున్నారని అర్థం. అది కంటి వెనుక రెటీనా మీద మిగిలిన ముద్ర. కన్ను ఎటు తిరిగితే అదీ అటే తిరుగుతుంది, అందువల్ల తరిమినకొద్దీ పరుగెత్తుతుంది. కనుగుడ్లను వదులుగా వదిలేస్తే అదే నిలుస్తుంది. అసలు కనిపించకపోతే గదిలో వెలుతురు ఎక్కువగా ఉన్నట్టు. జ్వాల చుట్టూ ఉన్న గోడా బల్లా మాయమైనట్టు అనిపిస్తే దానిని సిద్ధిగా భావించనక్కరలేదు, భయపడనూ అక్కరలేదు. చూపు ఒకచోట నిలిస్తే పక్కనున్నవి మసకబారి మాయమవుతాయని ట్రాక్స్‌లర్ అనే స్విస్ వైద్యుడు 1804లోనే రాశాడు.

ఇక అసలు చిక్కు. కళ్ళు బాగానే ఉంటాయి, జ్వాల కదలదు, మొదటి రెండు నిమిషాలు హాయిగా గడుస్తాయి. ఆ తరువాత గుండెల మీద ఏదో బరువు, నుదుటి మధ్య బిగువు, కారణం తెలియని ఆత్రుత మొదలై, అంతవరకు లేని ఆలోచనలు ఒక్కసారిగా ముసురుకుంటాయి. సాధకుడు దానిని మనసు చాంచల్యమనుకొని మరింత పట్టుదలగా చూస్తాడు, అది మరింత పెరుగుతుంది. నేను ఈ ఉచ్చులో చాలాకాలం పడి ఉన్నాను. నూనె దీపం మానేసి మైనపువత్తి పెట్టాను, రాత్రి సాధనను తెల్లవారుజాముకు మార్చాను, నా మనసే ఇందుకు పనికిరాదని కూడా తీర్మానించుకున్నాను. ఒకనాడు పక్కన కూర్చున్న మిత్రుడు, "మీరు ఊపిరి తీసుకోవడం లేదు, గమనించారా?" అన్నాడు. నేను గమనించలేదు.

ఇది ఎందుకు దొరకదో చెబుతాను. ఊపిరి పూర్తిగా ఆగదు. కొన్ని క్షణాలు బిగిసి, పైపైన ఒక చిన్న శ్వాస జరిగి, మళ్ళీ బిగుస్తుంది. శ్వాస తగినంతగా ఆడకపోతే రక్తంలో కార్బన్ డయాక్సైడ్ పెరుగుతుంది. ఊపిరి తీసుకొమ్మని శరీరం తొందరపెట్టేది ప్రధానంగా ఆ పెరుగుదల వల్లనే. ఆ తొందరనే మనం మనసు అలజడి అని పొరబడతాము. బిగింపుకు మూలం చాలాసార్లు ముఖానికీ దీపానికీ మధ్యనున్న దూరంలో ఉంటుంది. దీపాన్ని చేయి చాపినంత దూరంలోనే పెడతాము, కానీ చూపు తీవ్రమైనకొద్దీ నడుము తెలియకుండా ముందుకు వంగి, ముఖం దీపానికి జానెడు దగ్గరవుతుంది. అప్పుడు మన నిశ్వాసకే జ్వాల వణుకుతుంది. జ్వాల వణకకూడదని శరీరం తనంతట తానే ఊపిరి బిగబట్టడం నేర్చుకుంటుంది. ఎవరూ నేర్పని ఈ అలవాటు నాలుగు రోజులలో గట్టిపడుతుంది.

పరీక్ష సులువు. సాధన సమయం ముగిసిందని గంట మోగగానే కదలకుండా, ఉన్న భంగిమలోనే చేయి చాపండి. మొదట దీపాన్ని వేలికొనతో అందుకున్న చేయి ఇప్పుడు మోచేతి దగ్గర వంగవలసి వస్తే మీరు ముందుకు వచ్చారు. రెండవ గుర్తు, కళ్ళు మూయగానే దానంతట అదే వెలువడే పెద్ద నిట్టూర్పు. దానిని ప్రశాంతత అనుకొని మురిసిపోయేవారున్నారు; నిజానికి అది అంతసేపు బిగబట్టిన ఊపిరి బయటపడడమే.

సరిచేయడానికి దీపాన్ని మరొక జానెడు వెనక్కు జరిపి, వీపును గోడకు ఆనించి కూర్చోండి. ఒక అరచేతిని పొట్టమీద ఉంచి, దాని కదలికను గమనిస్తూ నిశ్వాసలను ఒకటి నుండి పది వరకు లెక్కించండి; లెక్క తప్పితే మళ్ళీ ఒకటి. దవడ బిగిసిందేమో మధ్యలో చూసుకోండి, ఊపిరీ దవడా తరచు కలిసే బిగుస్తాయి. శ్వాసను కావాలని లోతుగా, వేగంగా తీయకూడదు, తల తిరుగుతుంది. శ్వాస తన దారిన ఆడుతోందని తేలాక లెక్క మానివేయవచ్చు. మొదటి రోజులలో సాధనను రెండు నిమిషాలకు కుదించడం మేలు, ఎందుకంటే పాత అలవాటు మూడవ నిమిషం కోసం కాచుకొని ఉంటుంది.

హఠయోగ ప్రదీపిక అనే యోగ గ్రంథం త్రాటకాన్ని షట్కర్మలలో, అంటే ఆరు శుద్ధి క్రియలలో, ఒకటిగా చెబుతూ, "అశ్రుసంపాతపర్యంతం", అంటే కన్నీరు రాలేవరకు, చూడమంటుంది. అందరికీ ఆ మాటే గుర్తుంటుంది. అదే శ్లోకంలో చూసేవాడు "సమాహితః", అంటే మనసు కుదుటపడి ఏకాగ్రమైనవాడు, అయి ఉండాలని ఉంది. దవడ బిగించి, ఊపిరి పట్టి రాల్చిన కన్నీరు ఆ లెక్కలోకి రాదు.

తక్కిన కారణాలు అరుదు. వత్తి మసి కట్టితే దులపండి. నిద్ర వస్తే నిద్రపోండి. గ్లాకోమా, రెటీనా జబ్బులు, మూర్ఛ ఉన్నవారు మాత్రం వైద్యుని అడగకుండా దీపం ముందు కూర్చోకూడదు.