భూనాడి చక్రాన్ని నేలలో దించే ముందు పాటించవలసిన జాగ్రత్తలు

భూనాడి చక్రం నేల లోపలి వేడినీ, అయస్కాంత బలాన్నీ మంత్రంతో పైకి రప్పించే సాధనం గనుక, దాన్ని దించే ముందు ఆ చోటును కనీసం ఒక పగలు, ఒక రాత్రి గమనించాలి. సాధారణంగా భూమి లోపలికి వెళ్లేకొద్దీ కిలోమీటరుకు 25 నుంచి 30 డిగ్రీల సెల్సియస్ చొప్పున వేడి పెరుగుతుంది. అలాంటిది అడుగు లోతు గుంటలోనే అరచేతికి సెగ తగిలితే ఆ స్థలాన్ని వదులుకోవడమే మంచిది.

నా దృష్టిలో అన్నిటికంటే ముఖ్యమైనది వాసన. కుళ్లిన కోడిగుడ్డు కంపు వస్తే అది హైడ్రోజన్ సల్ఫైడ్ కావచ్చు. ఈ వాయువు గాఢత పెరిగితే ముక్కు మొద్దుబారిపోతుంది కాబట్టి, కంపు తగ్గినంత మాత్రాన ప్రమాదం తొలగిందని అనుకోకూడదు. ఇది గాలికంటే బరువైనది, పల్లంలో పేరుకుంటుంది. అందువల్ల చక్రాన్ని అక్కడే వదిలేసి, గాలికి ఎదురుగా, మెరక మీదికి వెళ్లాలి.

దిక్సూచిని చక్రం అంచుకు జానెడు దూరంలో ఉంచి చూడాలి. ముల్లు ఒక దిక్కున నిలవకుండా సన్నగా వణుకుతుంటే మంత్రం మొదలుపెట్టకూడదు. ఇనుప వస్తువులను ముందే తీసి దూరంగా పెట్టాలి. పేస్‌మేకర్ ఉన్నవారు వలయంలోకి అడుగుపెట్టనే కూడదు.

ముగింపు మంత్రం కంఠతా వచ్చిన రెండో మనిషి వలయం బయట తప్పక నిలబడాలి, ఎందుకంటే ఒకసారి తెరుచుకున్న చక్రాన్ని లోపలివారు మూయలేరు.