వానలు రాకముందే కారు ఇగ్నిషన్ కాయిల్ చూసుకోండి

రోహిణి ఎండలకు రోళ్ళు పగులుతాయంటారు. ఆ ఎండలకు బోనెట్ కింద రబ్బరు పగలడం నేను కళ్ళారా చూశాను. మా పెట్రోల్ కారు ఏప్రిల్, మే నెలల్లో ఏ ఇబ్బందీ పెట్టలేదు. మృగశిర కార్తె వచ్చి మొదటి వాన పడ్డ సాయంత్రం, విజయవాడ నుంచి హైదరాబాద్ వస్తుంటే సూర్యాపేట దాటాక మిస్సింగ్, అంటే ఒక సిలిండర్‌లో పెట్రోల్ సరిగ్గా అంటుకోకపోవడం, మొదలైంది. యాక్సిలరేటర్ తొక్కితే బండి ముందుకు పోవడం మానేసి అదురుతోంది. డ్యాష్‌బోర్డు మీద ఇంజిన్ లైటు ఆరిపోతూ వెలుగుతూ ఉంది. వెనక లారీలు, పక్కన డివైడర్, కార్లో అమ్మా పిల్లలూ. ఎడమ పక్కకు తీసి ఆపుకోవడానికి చోటు దొరికేదాకా నాకు ఊపిరి ఆడలేదు. చివరికి తేలిందేమిటంటే పోయింది ఒక్క కాయిల్. మే నెలలో ఒక ఆదివారం పొద్దున ఇంటి ముందే తీసి చూసి ఉంటే ఆ సాయంత్రం అలా గడిచేది కాదు.

ఇది పెట్రోల్, సీఎన్‌జీ బండ్ల సంగతి. డీజిల్ ఇంజిన్‌లో ఇగ్నిషన్ కాయిలే ఉండదు, కాబట్టి డీజిల్ బండి మిస్ అయితే కారణం వేరే చోట వెతకాలి. హైబ్రిడ్ కార్లకు ఇంట్లో చేయి పెట్టొద్దు. వాటిలో ఇంజిన్ దానంతట అదే స్టార్ట్ అవుతుంది, నారింజ రంగు తీగల్లో ఉండే వోల్టేజీ ప్రాణం తీస్తుంది. వారంటీలో ఉన్న బండిని కూడా షోరూమ్‌కే తీసుకెళ్ళండి.

కాయిల్ అంటే చిన్న ట్రాన్స్‌ఫార్మర్. లోపల రెండు తీగ చుట్టలు ఉంటాయి. ఒకదానిలో వందల చుట్లు, రెండోదానిలో వేల చుట్లు. బ్యాటరీ నుంచి వచ్చే 12 వోల్టుల కరెంటును ఇంజిన్ కంప్యూటర్ మొదటి చుట్టలోకి పంపి, సరిగ్గా నిప్పు కావాల్సిన క్షణంలో తెంపేస్తుంది. ఆ దెబ్బకు రెండో చుట్టలో 20 వేల నుంచి 40 వేల వోల్టుల దాకా పుట్టి, స్పార్క్ ప్లగ్ చివర నిప్పురవ్వై దూకుతుంది. ఇప్పటి కార్లలో చాలావాటికి ప్రతి సిలిండర్ ప్లగ్ మీదా ఒక కాయిల్ నేరుగా కూర్చుని ఉంటుంది. వ్యాగన్ ఆర్ ఒక లీటరు ఇంజిన్‌కు మూడు, 1.2 లీటర్ల నాలుగు సిలిండర్ల ఇంజిన్‌కు నాలుగు. అంత వోల్టేజీకి దగ్గర దారి దొరికితే చాలు, ప్లగ్ దాకా పోకుండా అక్కడే దూకేస్తుంది. కాయిల్ నుంచి ప్లగ్ మీదకు దిగే రబ్బరు తొడుగును బూటు అంటారు. ఎండకు గట్టిపడి పగిలిన ఆ బూటు, దాని మీద వాన తేమ కలిస్తే ఆ దారి దొరికినట్టే. ఎండాకాలమంతా బాగున్న బండి మొదటి వానకే మొండికేసేది అందుకే.

లక్షణాలు పోల్చుకోవడం కష్టం కాదు. సిగ్నల్ దగ్గర న్యూట్రల్‌లో ఉన్నప్పుడు స్టీరింగ్, సీటు అదురుతాయి. మూడు సిలిండర్ల బండి అయితే మరీ ఎక్కువగా అదురుతుంది. ఏసీ వేసి ఫ్లైఓవర్ ఎక్కేటప్పుడు జర్క్ ఇస్తుంది. సైలెన్సర్ దగ్గర పచ్చి పెట్రోల్ వాసన వస్తుంది, మైలేజీ పడిపోతుంది. పొద్దున్నే వానలో మిస్ అయి, ఇంజిన్ వేడెక్కాక సర్దుకుంటే తేమ మీద అనుమానం పెట్టుకోండి. చల్లగా ఉన్నప్పుడు బాగుండి, ముప్పావుగంట నడిచాక మిస్ అయితే కాయిల్ లోపలి చుట్టే పోయి ఉండొచ్చు.

ఇంజిన్ లైటు నిలకడగా వెలిగితే నెమ్మదిగా ఇంటికి చేరొచ్చు. అదే లైటు మినుకుమినుకుమంటుంటే బండి ఆపాలి. కాలని పెట్రోల్ సైలెన్సర్ గొట్టంలోకి పోయి, పొగను శుభ్రం చేసే కేటలిటిక్ కన్వర్టర్‌లో మండుతోందని దాని అర్థం. లోపలి తేనెపట్టు లాంటి పింగాణీ ఆ వేడికి కరిగిపోతుంది. కన్వర్టర్ మార్చే ఖర్చు కాయిల్ ఖరీదుకు ఎన్నో రెట్లు. అలా వేడెక్కిన బండిని ఎండుగడ్డి మీద, కళ్ళం పక్కన ఆపకండి. కన్వర్టర్ బండి అడుగునే ఉంటుంది, గడ్డి అంటుకుంటుంది.

ఇక ఏ కాయిల్ పోయిందో కనుక్కోవాలి. ఇంజిన్ నడుస్తుండగా ఒక్కో కాయిల్‌ను పైకి లాగి, ఏది లాగితే తేడా రాలేదో అదే పోయిందని చెప్పే పద్ధతి షెడ్డుల్లో ఇంకా ఉంది. దయచేసి మీరు ఆ పని చేయకండి. పైకి లాగిన కాయిల్ చివర వేల వోల్టులు దారి వెతుక్కుంటూ ఉంటాయి. అది మీ చేయి కావచ్చు. చేయి కాకపోతే కాయిల్ తన లోపలే చీల్చుకుంటుంది, దాన్ని నడిపే ఎలక్ట్రానిక్స్ కూడా దెబ్బతినొచ్చు. గుండెకు పేస్‌మేకర్ ఉన్నవాళ్ళు ఇంజిన్ నడుస్తున్నప్పుడు బోనెట్ మీదకు వంగనే కూడదు. అలాగే కాయిల్‌కు ప్లగ్ తగిలించి, ఇంజిన్ లోహానికి ఆనించి స్పార్క్ చూడటం ఇంకో ప్రమాదం. తెరిచి ఉన్న ప్లగ్ గుంతలోంచి పెట్రోల్ ఆవిరి వస్తుంటే పక్కనే నిప్పురవ్వ పుట్టించడమే కదా అది.

సురక్షితమైన దారి ఒకటుంది. 2013 ఏప్రిల్ తర్వాత వచ్చిన కార్లలో స్టీరింగ్ కింద ఓబీడీ సాకెట్ ఉంటుంది, ఇంజిన్ కంప్యూటర్ గుర్తించిన లోపాల కోడ్‌లు అక్కడ దొరుకుతాయి. దానికి పెట్టుకునే బ్లూటూత్ స్కానర్ ఆన్‌లైన్‌లో దొరుకుతుంది, ఫోన్‌లో యాప్ వేసి చదవొచ్చు. పీ0301 అంటే ఒకటో సిలిండర్ మిస్ అవుతోందని, పీ0302 అంటే రెండోదని, అలా. పీ0300 వస్తే ఒక సిలిండర్ అని కాదు, ఎక్కడైనా మిస్ అవుతోందని. పీ0351, పీ0352 లాంటివి ఆ నంబరు కాయిల్ సర్క్యూట్‌లో లోపం అని చెప్తాయి. సర్క్యూట్ అంటే కాయిల్ ఒక్కటే కాదు, వైరు కూడా. మా వీధిలో ఒక బండికి ఈ కోడ్ వస్తే కాయిల్ మార్చేశారు, తీరా చూస్తే కనెక్టర్‌కు జానెడు దూరంలో ఎలుక కొరికిన తీగ. కోడ్ చూసి కొనడానికి పరుగెత్తొద్దు.

కోడ్ రెండో సిలిండర్‌ను చూపిస్తోంది అనుకుందాం. ఇంజిన్ ఆపి, చల్లారాక, రెండో కాయిల్ తీసి మూడో దాంట్లో, మూడోది రెండో దాంట్లో పెట్టండి. కోడ్ చెరిపేసి ఒక చుట్టు తిరిగి రండి. ఇప్పుడు పీ0303 వస్తే లోపం కాయిల్‌తో పాటు కదిలింది, కాబట్టి కాయిలే పోయింది. పీ0302 అక్కడే ఉండిపోతే ప్లగ్, వైరు, ఇంజెక్టర్ చూడాలి. రూపాయి ఖర్చు లేని పరీక్ష ఇది, మల్టీమీటర్ కంటే దీన్నే నేను నమ్ముతాను. లోపల ఎలక్ట్రానిక్స్ ఉన్న కాయిల్స్‌కు మల్టీమీటర్‌తో ఓమ్స్ (నిరోధం) కొలిస్తే ఏమీ తేలదు. చల్లగా ఉన్నప్పుడు సరైన రీడింగ్ చూపించిన కాయిల్ వేడి మీద ఎగ్గొట్టడం కూడా మామూలే. సిలిండర్ల నంబర్లు చాలా బండ్లలో టైమింగ్ చైన్ వైపు నుంచి మొదలవుతాయి, అయినా మీ బండి పుస్తకం చూసి నిర్ధారించుకోండి.

తెరిచే ముందు. బండి చదునైన చోట, హ్యాండ్‌బ్రేక్ వేసి, తాళం తీసి జేబులో పెట్టుకోండి. పుష్ బటన్ బండి అయితే రిమోట్ తాళం ఇంట్లోకి పంపేయండి, పిల్లలు బటన్ నొక్కినా స్టార్ట్ కాకూడదు. బ్యాటరీ నెగటివ్ టెర్మినల్ విప్పి పక్కకు పెట్టండి. ఇంజిన్ పూర్తిగా చల్లారాలి. గంటా రెండు గంటలు ఆగడం కాదు, రాత్రి ఆపి పొద్దున తెరవడం ఉత్తమం. ప్లగ్గులు బిగించి ఉండే సిలిండర్ హెడ్ అల్యూమినియం. వేడి మీద ప్లగ్ తిప్పితే మరలు ప్లగ్‌తో పాటు ఊడొస్తాయి. ఆ తర్వాత హెడ్ దించాల్సి వస్తే ఆదివారం పని నెల జీతం పని అవుతుంది.

కాయిల్‌ను పట్టుకుని ఉండేది సాధారణంగా 10 నంబరు బోల్టు ఒక్కటే. దానికంటే ముందు కనెక్టర్ తీయాలి, ఎక్కువగా విరిగేది అదే. వేడికి ఆ ప్లాస్టిక్ అప్పడంలా పెళుసైపోతుంది. లాక్ నొక్కిపెట్టి కనెక్టర్‌ను పట్టుకుని లాగండి, తీగలు పట్టి లాగొద్దు. బోల్టు తీశాక కాయిల్‌ను ఒక్కసారిగా పీకకుండా అటూ ఇటూ పావు చుట్టు తిప్పి, పట్టు వదిలాక పైకి తీయండి. లేకపోతే రబ్బరు బూటు తెగి ప్లగ్ మీదే ఉండిపోతుంది.

ఇప్పుడు అసలు విషయం. కొత్త కాయిల్ పెట్టేయడానికి తొందరపడకండి. మూడు నెలలకోసారి కాయిల్ పోతోందని మా వీధి చివర షెడ్డులో అన్నకు చెప్పుకుంటే ఆయన ఒకటే అడిగాడు: “గుంతలోకి టార్చి వేసి చూశావా తమ్ముడూ?” నేను చూడలేదు. చూస్తే అడుగున నల్లటి ఆయిల్, ప్లగ్ సగం దాకా మునిగి ఉంది. హెడ్ మీది మూత కింద ఉండే ప్యాకింగ్ (గాస్కెట్) అరిగి, ఆయిల్ కారి, రబ్బరు బూటును ఉబ్బేలా నానబెట్టింది. నేను మార్చిన ప్రతి కాయిల్‌నూ అదే చంపింది. ప్యాకింగ్ మార్చాక మళ్ళీ ఆ బాధ లేదు.

గుంతలో ఆయిల్ కాకుండా నీళ్ళు ఉంటే, వాటర్ సర్వీసింగ్‌లో ఇంజిన్ మీద ప్రెజర్ గన్ పెట్టారేమో గుర్తు చేసుకోండి. కాయిల్ పైన ఉండే రబ్బరు రింగు చిట్లి ఉంటే వాన నీళ్ళూ దిగుతాయి. చెట్టు కింద నిలిపే బండి అయితే వైపర్ల కింద జాలీ చూడండి. వేపాకులు పేరుకుని నీళ్ళు పోయే దారి మూసుకుంటే ఆ నీళ్ళు ఇంజిన్ మీదకు కారొచ్చు. వానలకు ముందు ఆ ఆకులు చేత్తో ఎత్తేయడం ఐదు నిమిషాల పని.

పాత కాయిల్ బూటును వెలుగులో తిప్పి చూడండి. బూటు లోపల గానీ ప్లగ్ తెల్ల పింగాణీ మీద గానీ పెన్సిల్‌తో గీసినట్టు సన్నటి నల్ల గీత కనిపిస్తే కరెంటు అటు దూకుతోందన్నమాట. అలాంటప్పుడు కాయిల్, ప్లగ్ రెండూ మార్చాలి. ఒకటి మార్చి ఒకటి ఉంచితే పాత గీత కొత్తదాన్నీ కాలుస్తుంది. పింగాణీ అడుగున గోధుమ రంగు మరక మాత్రమే ఉంటే భయం లేదు.

ప్లగ్ తీసే ముందు గుంతలోని ఆయిల్ గుడ్డతో పీల్చి, దుమ్మును సైకిల్ పంపుతో ఊదేయండి. కళ్ళకు అద్దాలు పెట్టుకోండి. ఇసుక రేణువు సిలిండర్‌లో పడితే గోడలు గీసుకుపోతాయి. ప్లగ్ విప్పే సాకెట్ చాలా బండ్లకు 16 ఎంఎం, కొన్నిటికి 14. ప్లగ్ గ్యాప్ అరిగి పెద్దదైతే దాన్ని దాటించడానికి కాయిల్ ఇంకా ఎక్కువ వోల్టేజీ పుట్టించాలి, ఆ శ్రమకు తొందరగా చస్తుంది. అందుకే నా మాటగా చెప్తున్నాను, కాయిల్స్‌లో పోయినదాన్నే మార్చండి, ప్లగ్గులు మాత్రం అరిగి ఉంటే అన్నీ మార్చండి. సీఎన్‌జీ బండ్లకు ఇది మరీ ముఖ్యం. సీఎన్‌జీని అంటించడానికి పెట్రోల్ కంటే ఎక్కువ వోల్టేజీ కావాలి. పెట్రోల్ మీద బాగా నడిచి సీఎన్‌జీకి మార్చగానే మిస్ అయితే కాయిల్, ప్లగ్గులు బలహీనపడ్డాయని ముందే తెలిసినట్టు. గ్యాస్ వాసన ఏమాత్రం వచ్చినా గ్యాస్ సిలిండర్ వాల్వ్ మూసి, పని ఆపి, సీఎన్‌జీ మెకానిక్‌ను పిలవండి.

కొత్త ప్లగ్‌ను రాట్చెట్‌తో మొదలుపెట్టొద్దు. పెట్రోల్ పైపు ముక్క ఒకటి ప్లగ్ తలకు తొడిగి వేళ్ళతో తిప్పండి. మర అడ్డంగా పడితే పైపు జారుతుంది, హెడ్ పాడవదు. వాషర్ ఉండి, మర వ్యాసం 14 ఎంఎం (సాకెట్ సైజు కాదు) ఉన్న కొత్త ప్లగ్ అయితే చేత్తో బిగిసేదాకా తిప్పి, ఆ తర్వాత పానాతో అర చుట్టు నుంచి మూడింట రెండు వంతుల చుట్టు దాకా చాలు. టార్క్ రెంచ్ ఉంటే పుస్తకంలో ఉన్న అంకె పెట్టుకోండి. మరలకు గ్రీజు రాయొద్దు, తెలియకుండానే ఎక్కువ బిగుస్తుంది. కాయిల్ బూటు లోపల మాత్రం కరెంటును పోనివ్వని డైఎలక్ట్రిక్ గ్రీజు వేలి కొనంత రాయండి, తేమ చేరదు. కాయిల్ బోల్టుకు బలం పెట్టకండి, అది చిన్నది. కనెక్టర్ టక్‌మని పడాలి.

కాయిల్ కొనేటప్పుడు పాతది చేతిలో పట్టుకెళ్ళి, దాని మీద ఉన్న పార్ట్ నంబరు కలిపి చూసి, బిల్లు ఇచ్చే కౌంటర్‌లోనే కొనండి. చూపుకు ఒకేలా ఉండి పిన్నుల అమరిక వేరైన కాయిల్స్ ఉంటాయి.

ఇంకో మాట. నీళ్ళు నిలిచిన రోడ్డులో పోతూ బండి ఆగిపోతే అది కాయిల్ అనుకుని మళ్ళీ మళ్ళీ సెల్ఫ్ కొట్టొద్దు. ఎయిర్ ఫిల్టర్ గుండా నీళ్ళు సిలిండర్‌లోకి పోయి ఉంటే ఆ ఒక్క సెల్ఫ్‌కే పిస్టన్‌కు తగిలించి ఉండే కనెక్టింగ్ రాడ్ వంగొచ్చు. తోయించి గట్టుకు చేర్చి, టోయింగ్ వ్యాన్ పిలవండి.

అన్నీ బిగించాక బ్యాటరీ తగిలించి స్టార్ట్ చేయండి. గడియారం, రేడియో మళ్ళీ సెట్ చేసుకోవాలి, కొద్దిసేపు ఐడ్లింగ్ హెచ్చుతగ్గులుగా ఉండొచ్చు, సర్దుకుంటుంది. కోడ్ చెరిపి, ఏసీ వేసి, ఒక అరగంట తిప్పి, మూడో గేరులో ఎత్తు ఎక్కించి చూడండి. జర్క్ లేకపోతే, కోడ్ తిరిగి రాకపోతే పని కుదిరినట్టే. పదిహేను రోజుల తర్వాత, ఒక గట్టి వాన పడ్డాక, ఇంజిన్ చల్లగా ఉన్న పొద్దున ఒక్క కాయిల్ మళ్ళీ తీసి గుంతలోకి టార్చి వేయండి. పొడిగా ఉంటే బోనెట్ మూసేయొచ్చు.