పనిలో మార్పు తెచ్చేముందు పనివాళ్లని ఏం అడగాలి

పలాసలో ఒక జీడిపప్పు యూనిట్‌లో నేను సూపర్‌వైజర్‌గా చేస్తున్నప్పుడు హాజరుకి వేలిముద్ర మెషీన్ పెట్టారు. వారం తిరక్కుండానే పిక్కలు కొట్టే ఆడవాళ్లలో చాలామంది దాని దగ్గరికి రావడం మానేశారు, వీళ్లకి కొత్తదంటే పడదని ఓనరుగారు తేల్చేశారు, నేనూ అదే నమ్మాను. చివరికి ఒక పెద్దావిడ నా ముందు చెయ్యి చాపింది. వేళ్ల కొసలు నల్లబడి, నున్నగా ఉన్నాయి. "గీతలుంటే కదా బాబూ, జీడి తినీసింది" అంది. పిక్క తొక్కలోని నూనె చర్మాన్ని కాల్చేస్తుంది, ఆముదం రాసుకున్నా బూడిద అద్దుకున్నా ఏళ్ల తరబడి కొడితే వేలి గీతలు మిగలవు. మెషీన్ ఆవిడని గుర్తుపట్టకపోతే ఆ రోజు కూలి పోయినట్టే. దానికి మేం మొండితనం అని పేరు పెట్టాం.

అందుకే మీ దగ్గర ఏ మార్పు మొదలుపెట్టినా, ఎవరైనా వద్దంటే ముందు ఇది కనుక్కోండి: దీనివల్ల ఈ మనిషికి ఏం పోతోంది? డబ్బా, ఇంటికెళ్లే టైమా, ఇన్నాళ్లూ పనిలో ఉన్న పేరా? మీటింగ్ పెట్టి అడిగితే జవాబు రాదు, ఓనరు ముందు అందరూ తలూపుతారు. టీ టైంలో ఒక్కొక్కరి పక్కన కూర్చుని అడగండి, అసలు మాట అప్పుడే బయటికొస్తుంది.

అన్నిటికన్నా ముఖ్యం నేర్చుకునే రోజుల కూలి. కిలోల లెక్కన పనిచేసే చోట, రోజుకి 10 కిలోలు తీసే మనిషి కొత్త మెషీన్ మీద మొదట్లో 6 కిలోలే తీస్తే ఆ 4 కిలోల నష్టం ఆవిడ ఇంటి మీద పడుతుంది. చెయ్యి అలవాటయ్యేదాకా, అంతకుముందు నెల సగటు ఎంతో అంత ఇస్తామని చెప్పండి, చెప్పి ఊరుకోకుండా కాగితం మీద రాసి గోడకి అంటించండి. ఓనర్లు ఇక్కడే వెనకాడతారు. కానీ పని తెలిసిన నలుగురు పక్క యూనిట్‌కి వెళ్లిపోతే పోయేది అంతకన్నా ఎక్కువ.

రెండోది, వాళ్లని ముందే కలుపుకోండి. అమెరికాలో వర్జీనియాలోని ఒక పైజమాలు కుట్టే ఫ్యాక్టరీలో కోచ్, ఫ్రెంచ్ అనే ఇద్దరు పరిశోధకులు దీన్ని పరీక్షించి 1948లో ప్రచురించారు. అక్కడా పీస్ రేటే, అంటే ఎంత పని చేస్తే అంత కూలి. పని పద్ధతి మారిందని ఊరికే చెప్పిన గ్రూపులో 40 రోజుల్లో 17 శాతం మంది మానేశారు. కొత్త పద్ధతి ఎలా ఉండాలో అందరూ కూర్చుని తేల్చుకున్న గ్రూపుల్లో ఒక్కరూ మానలేదు, పైగా పని అంతకుముందుకంటే పెరిగింది. మీరు కూడా మెషీన్ బిగించేముందే స్టూలు ఎత్తెంత, లైటు ఎటువైపు అని వాళ్లనే అడగండి. మీ మాటకి సరే అనేవాళ్లని వదిలేసి, తోటివాళ్లంతా ఎవరి మాట వింటారో ఆవిడని పిలవండి, నోరు కాస్త గట్టిదైనా సరే.

మనుషులు తగ్గేది నిజమైతే ముందే చెప్పేయండి. ఎవరి పనీ పోదని ఒట్టి మాట ఇచ్చి తర్వాత తప్పితే ఇంకెప్పుడూ మిమ్మల్ని నమ్మరు. కూలి పద్ధతి, పని గంటలు, షిఫ్టులు మార్చాలంటే 21 రోజుల ముందు నోటీసు ఇవ్వాలని చట్టం కూడా ఉంది, 1947 పారిశ్రామిక వివాదాల చట్టంలోని ఈ నియమం 2020 పారిశ్రామిక సంబంధాల కోడ్‌లోనూ కొనసాగింది. సంక్రాంతి ముందు మాత్రం కొత్త రేట్ల మాట ఎత్తకండి, ఆ నెల ఇంట్లో ప్రతి రూపాయికీ లెక్క ఉంటుంది.

పాత పద్ధతిని కనీసం నెలరోజులు పక్కన ఉంచండి. మేం పాత రిజిస్టర్ మళ్లీ తీశాం, గీతలు అరిగినవాళ్లకి కార్డులు చేయించాం, మెషీన్ ఆబ్సెంట్ చూపించిన రోజుల కూలి లెక్కకట్టి ఇచ్చాం. ఆ పెద్దావిడ కార్డుకి దారం కట్టి క్యారేజీ పిడికి తగిలించుకుంది, మర్నాటి నుంచి పక్కవాళ్లకి ఎలా పెట్టాలో తనే చూపించేది.