కలర్ సార్టర్‌కు గాలి చాలకపోతే ముందు యూనిట్లు సరిచూడండి: నా అనుభవం

వరంగల్, కరీంనగర్ వైపు రైస్‌మిల్లుల్లో ఎండాకాలం మధ్యాహ్నం కలర్ సార్టర్ (రంగు మారిన గింజలను గాలి దెబ్బతో వేరుచేసే యంత్రం) గాలి చాలక ఆగుతుంటే అందరూ ముందు లీకేజీ వెతుకుతారు. నేను చూసిన మిల్లులో దొరికిన తప్పు మాత్రం లెక్కలో ఉంది.

సార్టర్ మాన్యువల్‌లో నిమిషానికి 2,000 నార్మల్ లీటర్లు అని ఉంది. ఒక ఘనపు అడుగు 28.32 లీటర్లు కాబట్టి, దాన్ని 28.32తో భాగిస్తే 70.6 సీఎఫ్ఎం (నిమిషానికి ఘనపు అడుగులు). 75 సీఎఫ్ఎం కంప్రెసర్ చాలుననిపిస్తుంది. కానీ నార్మల్ లీటరు అంటే 0 డిగ్రీలు, 1013 మిల్లీబార్ల దగ్గరి గాలి. మే నెలలో మన కంప్రెసర్ పీల్చేది 45 డిగ్రీల గాలి, పీడనం దాదాపు 975 మిల్లీబార్లు. వేడెక్కినా, పీడనం తగ్గినా అంతే గాలి ఎక్కువ చోటు తీసుకుంటుంది. వాతావరణ వార్తల్లో చెప్పే పీడనం సముద్రమట్టానికి సవరించినది, అది వేయొద్దు. ఉష్ణోగ్రత కెల్విన్‌లోనే (డిగ్రీలకు 273 కలిపి) వేయాలి:

2,000 × 318/273 × 1013/975 = సుమారు 2,420 లీటర్లు, అంటే 85 సీఎఫ్ఎం.

కంప్రెసర్ ప్లేటు అంకెనూ నమ్మొద్దు. పిస్టన్ రకానికి చాలాసార్లు డిస్‌ప్లేస్‌మెంటే (పిస్టన్ కదలికలో తుడిచే ఘనపరిమాణం) రాస్తారు, బయటికొచ్చే గాలి అంతకన్నా తక్కువ. 500 లీటర్ల ట్యాంకు ఔట్‌లెట్ మూసి, గేజీ 0 నుంచి 6 బార్‌కు చేరే సమయం చూడాలి. బయటి పీడనం 0.975 బార్ కాబట్టి, ట్యాంకులో చేరిన గాలి 6 ÷ 0.975 × 500 = 3,077 లీటర్లు. 90 సెకన్లు పడితే నిమిషానికి 2,051, అంటే 72 సీఎఫ్ఎం. ట్యాంకులో గాలి వేడిగా ఉంటుంది కాబట్టి అసలు అంకె ఇంకొంచెం తక్కువే.

కంప్రెసర్ గాలి పీల్చే సక్షన్ ఫిల్టర్‌ను రేకుల షెడ్డు బయటికి, నీడకు మార్చితే 10 డిగ్రీలకు 3 శాతమే కలిసొస్తుంది. మిగతా లోటుకు 20 సీఎఫ్ఎం రెండో కంప్రెసర్ జోడించాల్సిందే.